గోడకు కాగితం అంటించిన తరువాత

అప్పిచ్చినవాడు తాకట్టు కోసం అప్పు తీసుకున్నవాని ఇంట్లోకి చొరబడకూడదనీ, బయటనే నిలబడాలనీ ద్వితీయోపదేశకాండము 24వ అధ్యాయంలో మోషే నియమించాడు. మాచర్లలో మా సంఘ సభ్యుల ఇంటి తలుపు ప్రక్కన బ్యాంకువారు స్వాధీన నోటీసు అంటించారని తెలిసి, అయ్యగారితో కలిసి ప్రార్థనకు వెళ్లిన సాయంకాలం మాకు ఆ అధ్యాయమే జ్ఞాపకం వచ్చింది.

ఆ కుటుంబానిది మిరప వ్యాపారం. ధర పడిపోయిన ఏడాది సరుకు కోల్డ్ స్టోరేజీలో ఉండిపోయింది, వాయిదాలు ఆగిపోయాయి. ఇంటి దస్తావేజులు బ్యాంకులో ఉన్నాయి. మొదటి నోటీసు వచ్చి అప్పటికే రెండు నెలలు దాటింది. తల్లి దానిని బైబిలు సంచిలో దాచింది. ప్రతి ఆదివారం ఆ సంచితోనే ఆరాధనకు వచ్చింది, ఎవరితోనూ ఒక్క మాట అనలేదు. "నలుగురిలో పరువు పోతుందని భయపడ్డాను అయ్యగారూ" అన్నది. ఆమె దాచిన ఆ రెండు నెలలే చట్టం ఆమెకిచ్చిన మొదటి గడువు!

సర్ఫేసీ అని పిలిచే ఈ చట్టం 2002లో వచ్చింది. దీనిక్రింద బ్యాంకు దావా వేయకుండానే తాకట్టు ఆస్తిని స్వాధీనపరచుకొని అమ్ముకోవచ్చు. వాయిదా 90 రోజులు మించి నిలిచిపోతే ఖాతా మొండి బాకీల్లోకి పోతుంది. తరువాత 60 రోజుల నోటీసు వస్తుంది. ఆ లోపల మన అభ్యంతరం వ్రాసి ఇవ్వవచ్చు. వడ్డీ లెక్క తప్పనో, కట్టిన సొమ్ము జమ కాలేదనో ఉన్నది ఉన్నట్టు వ్రాసి, రశీదు తీసుకోవాలి. దానిని అంగీకరించకపోతే బ్యాంకు 15 రోజులలో కారణాలు తెలపాలి.

నోటీసు గోడకెక్కితే రుణ వసూలు ట్రిబ్యునల్‌కు 45 రోజులలో దరఖాస్తు చేసుకోవాలి. చాలామంది ఊళ్లోని సివిలు కోర్టుకు పరుగెత్తుతారు. ఈ విషయంలో సివిలు కోర్టులు జోక్యం చేసుకోకుండా చట్టమే అడ్డుపెట్టింది, అక్కడ పోయిన రోజులు పోయినట్టే. హైకోర్టుకు రిట్ వేద్దామంటే, ట్రిబ్యునల్ ఉండగా అటువంటివి తీసుకోవద్దని సుప్రీంకోర్టు 2010లో గట్టిగానే చెప్పింది.

మొదట్లో ఆ ట్రిబ్యునల్ తలుపు కూడా బీదవానికి మూసే ఉండేది. బ్యాంకు అడిగిన మొత్తంలో 75 శాతం ముందు కట్టినవాని మొరే విననిచ్చేవారు. అంత డబ్బు ఉన్నవాడు అసలు అక్కడికెందుకు వస్తాడు? మర్దియా కెమికల్స్ కేసులో 2004 ఏప్రిల్ 8న సుప్రీంకోర్టు ఆ షరతును కొట్టివేసింది. అప్పుదారు అభ్యంతరాలను బ్యాంకు పట్టించుకొని తీరాలని చెప్పింది కూడా ఆ తీర్పులోనే.

బ్యాంకు చట్టం తప్పి నడిచిందని తేలితే ఆస్తిని తిరిగి అప్పగించమని ట్రిబ్యునల్ ఆజ్ఞాపించగలదు. స్టే ఇచ్చేటప్పుడు బకాయిలో కొంత కట్టమనడం మామూలే. అది అన్యాయమని మేము అనము. బ్యాంకులో ఉన్నది మన సంఘంలోని విధవరాండ్రు దాచుకున్న సొమ్ము కూడా గదా!

సాగుభూమికి ఈ చట్టం వర్తించదు. అయితే అది నిజంగా సాగులో ఉన్నదని అప్పుదారే ఋజువు చేయాలి, రెవెన్యూ కాగితం ఒక్కటే చాలదని 2023లో తెలంగాణ నుండి వచ్చిన కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. మరొక సంగతి. పూర్తి బాకీ కట్టి ఆస్తి విడిపించుకొనే హక్కు 2016 సవరణ తరువాత వేలం ప్రకటన వెలువడేవరకే.

ఆ రాత్రి దీపం దగ్గర మేము రోజులు లెక్కపెట్టాము. కాగితం అంటించి 11 రోజులైంది, ఇంకా 34 ఉన్నాయి. స్త్రీలకు, షెడ్యూల్డు కులాల, తెగలవారికి ఆదాయంతో పని లేకుండా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా వకీలును ఇస్తుందని అయ్యగారు చెప్పారు. పెద్దకుమారుడు సంఘం క్యాలెండరులో ఆఖరు తేదీ చుట్టూ ఎర్రసిరాతో గీశాడు. తల్లి బైబిలు సంచి తెచ్చి, మొదటి నోటీసు తీసి అతని చేతికిచ్చింది. గుంటూరు వెళ్లి అక్కడినుండి విశాఖపట్నానికి రైలెక్కాలి. దారి ఖర్చులకు ఆ ఆదివారం సంఘంలో చందా పట్టాము.