చిందు మేళం, తెర మీది బృందం: కాలంపై అధికారం

నృత్య బృందాలపై జరిగే పరిశోధనలో అడుగు, ఆహార్యం, తాళం ప్రధానంగా చర్చకు వస్తాయి. ప్రదర్శన కాలం ఎవరి అధీనంలో ఉందన్న ప్రశ్న అరుదు. బోధన్ ప్రాంతపు చిందు మేళాన్ని బ్రిటిష్ టెలివిజన్ వినోద కార్యక్రమాల బృందాలతో పోల్చినప్పుడు ఆ ప్రశ్నే ముందుకు వస్తుంది.

1955లో ఐటీవీలో మొదలైన ‘సండే నైట్ ఎట్ ది లండన్ పల్లాడియం’లో టిల్లర్ గర్ల్స్ ఒకే వరుసలో నిలిచి ఒకేసారి కాళ్ళు ఎత్తేవారు. దుస్తులు, కదలిక, శరీర ప్రమాణం అన్నీ ఒకటే. వ్యక్తి విడిగా కనిపించకపోవడమే అక్కడి నైపుణ్యం. బీబీసీ 1964లో ప్రారంభించిన ‘టాప్ ఆఫ్ ది పాప్స్’ అవసరం వేరు. గాయకులు స్టూడియోకు రాలేనప్పుడు వారి పాటకు ఒక దృశ్యం కావాలి. 1968 నుండి 1976 వరకు ఆ ఖాళీని పాన్స్ పీపుల్ నింపింది. పాటను అమ్మకాల జాబితా, నిడివిని కార్యక్రమం నిర్ణయించగా నృత్యం వాటికి లోబడింది.

బోధన్ పేరు చెప్పగానే బయటివారికి నిజాం షుగర్ ఫ్యాక్టరీ గుర్తుకు వస్తుంది. అదే మండలంలోని ఆమ్దాపూర్, చిందు ఎల్లమ్మ ఊరు. 2005లో మరణించే వరకు ఆమె ఈ కళకు ప్రతినిధిగా నిలిచారు. చిందు మేళం ప్రధానంగా కుటుంబమే. స్త్రీలూ వేషం కడతారు. మాదిగలు దీనికి పోషకులు. ఫలానా ఊరిలో ఆడే హక్కు మిరాశీగా వంశంలో సాగుతుంది. రాత్రంతా ఆడే భాగోతంలో ప్రతి పాత్రా తన ప్రవేశ దరువుతో తానెవరో చెప్పుకొంటుంది. టిల్లర్ వరుసకు ఇది పూర్తిగా విరుద్ధం. జాంబపురాణం పోషకుల పుట్టుకను వారి ముందే చెబుతుంది. ఎల్లమ్మ వేషం నటన మాత్రమే కాదు, కొలుపులో భాగం. కనుక ఇక్కడ కాలాన్ని కథ, కొలుపు, పోషకుని వాకిలి కలిసి నిర్ణయిస్తాయి.

ఈ ప్రదర్శన నుండి కొన్ని నిమిషాలు తీసి తెరకెక్కించినప్పుడు అడుగు చెడకపోవచ్చు. ప్రవేశ దరువు మాత్రం కథ లేని పరిచయమవుతుంది, మిరాశీ పారితోషికంగా మారుతుంది. దానిని ‘జానపద నృత్యం’ అన్న ఒక్క మాటతో నమోదు చేయడం పరిశోధకుల పొరపాటే. ఏ ఊరు, ఎవరి మిరాశీ, రాత్రిలో ఏ ఘట్టం అన్న మూడు వివరాలు లేని దృశ్యఖండం చిందుకు ఆధారంగా చాలదు.