నేలసంపెంగ కుండీని పారబోయకండి
సంక్రాంతికి తవ్వి, ఉగాదికి నాటితే పూలకు కొదవ ఉండదు

మదనపల్లె: సాయంత్రం దీపాలు పెట్టే వేళకు వీధి వీధంతా గుమగుమలాడించే పువ్వు నేలసంపెంగ. లిల్లీ పూలని బజారులో అమ్మేవి ఇవే. కన్నడం వాళ్ళు సుగంధరాజ అంటారు. తమిళం వాళ్ళకు ఇది నిలసంపంగి. ఉత్తరాదివారి రజనీగంధ కూడా ఇదే. మూడు భాషలూ వినిపించే కుప్పం వైపు ఏ పేరుతో అడిగినా పూలమ్మి మూర కొలిచి ఇస్తుంది.

ఈ మొక్కకు పెరడు అక్కరలేదు. అడుగు వెడల్పున్న కుండీ, రోజుకు ఐదారు గంటల ఎండ ఉంటే చాలు. మిద్దె మీదైనా, గుమ్మం పక్కనైనా పెరుగుతుంది. రెండు వేల అడుగులకు పైబడిన ఎత్తున ఉన్న మదనపల్లె, పుంగనూరు, కుప్పం ప్రాంతాల వాతావరణం దీనికి బాగా సరిపోతుంది. అయినా చాలా ఇళ్ళలో ఒకటే ఫిర్యాదు. మొదటి ఏడు బాగా పూసింది, రెండో ఏడు ఒకటి రెండు కాడలు వేసింది, మూడో ఏడు ఉత్త ఆకులే మిగిలాయి అంటారు. మొక్క ముసలిదయిందని కుండీని దిబ్బలో బోర్లిస్తారు. బతికి ఉన్న గడ్డలు అలా చెత్తలో కలిసిపోతున్నాయి.

తల్లిగడ్డ పూసేది ఒక్కసారే

పొలం గట్ల మీద కంచెగా పెంచే కిత్తనార అందరికీ తెలిసిందే. ఏళ్ళ తరబడి పెరిగి, ఒక్కసారి పొడవాటి గడ వేసి పూసి, అంతటితో చచ్చిపోతుంది. చుట్టూ పిల్లలను మాత్రం మిగిల్చి పోతుంది. శాస్త్రజ్ఞులు నేలసంపెంగను ఈ కిత్తనార జాతిలోనే చేర్చారు. పేరులో సంపెంగ ఉన్నా సంపెంగ చెట్టుతో దీనికి చుట్టరికం లేదు.

గుణం కూడా కిత్తనారదే. ఒక కాడ వేసి పూసిన తల్లిగడ్డ మళ్ళీ పూయదు. దాని చుట్టూ పుట్టిన పిల్లగడ్డలు బలిసి, అవి పూయాలి. పొలంలో అయితే వాటికి చోటు ఉంటుంది. కుండీలో రెండేళ్ళు గడిచేసరికి గడ్డలు ఒకదానినొకటి ఒత్తుకుంటాయి. ఏ ఒక్కటీ పూసేంత లావు కాదు. పూలు ఆగిపోయేది ఇందువల్లనే.

దీనికి మందు ఖర్చులేనిది. రెండేళ్ళకు ఒకసారి సంక్రాంతి రోజుల్లో నీరు ఆపాలి. ఆకులు పండిపోయాక కుండీని బోర్లించి గడ్డలను విడదీయాలి. మన్ను దులిపి, నీడలో ఆరబెట్టి, గాలి తగిలే బుట్టలో ఉంచాలి. తవ్విన వెంటనే నాటరాదు. నెలా నెలన్నర విశ్రాంతి ఇస్తే మొలక బాగా వస్తుంది. వంటింటి ఎర్రగడ్డలతో మాత్రం కలపరాదు, ఇవి తినేవి కావు.

ఉగాది ప్రాంతంలో నాటితే సుమారు మూడు, మూడున్నర నెలలకు కాడ వేస్తుంది. శ్రావణ శుక్రవారాలకు ఇంటి పూలు చేతికి వస్తాయి. అంగుళం అడ్డుకొలత ఉన్న గడ్డలను ఏరి, మొన పైకి ఉండేట్టు రెండు అంగుళాల లోతున నాటాలి. అడుగు కుండీకి మూడు నాలుగు చాలు. చిన్న గడ్డలను వేరే కుండీలో పెంచితే మరుసటి ఏటికి పూతకు వస్తాయి.

టమాటా మడి మన్ను వద్దు

కుండీలోకి మన్ను ఎక్కడిదన్నది మరో ముఖ్యమైన సంగతి. మదనపల్లె టమాటా మార్కెట్టు దేశంలోని పెద్ద మార్కెట్లలో ఒకటి. చుట్టుపక్కల టమాటా పండని ఊరు అరుదు. పొలం నుంచి వస్తూ తట్టెడు మన్ను తేవడం మామూలే. ఆ మన్నులో నులిపురుగులు ఉండవచ్చు. అవి కంటికి కనిపించవు. టమాటా వేర్లలో చేరి పూసల్లాంటి బుడిపెలు కట్టించేవి ఇవే. నేలసంపెంగ వేర్లను కూడా ఇవే పట్టుకుంటాయి. టమాటా, నేలసంపెంగ రెండూ మెక్సికో నుంచి ప్రపంచానికి పాకిన పంటలే. ఇక్కడ శత్రువు కూడా ఇద్దరికీ ఒకటే అయింది.

అందుచేత కూరగాయలు పండించని చోటి ఎర్రమన్ను తెచ్చి, బాగా చివికిన దిబ్బ ఎరువు, కొంత ఇసుక కలపాలి. గుప్పెడు వేపపిండి వేస్తే మంచిది. అనుమానం ఉంటే ఎండాకాలంలో మన్నును పలుచగా పరిచి, తడిపి, తెల్లటి పాలిథిన్ కాగితం కప్పి ఆరు వారాలు ఎండకు వదలాలి. ఆ వేడికి నులిపురుగులు చాలావరకు చస్తాయి.

మొక్క వడలిపోతే పారబోసే ముందు ఒక గడ్డను తవ్వి చూడాలి. గడ్డ గట్టిగా ఉండి చుట్టూ పిల్లలు ఉంటే అది నిద్రలో ఉన్నట్టు లెక్క. వేర్లకు బుడిపెలు ఉంటే అది తెగులు. ఆ గడ్డలను కాల్చివేయాలి. ఆ మన్నును టమాటా, వంగ, బెండ, మిరప మళ్ళలో పోయరాదు. ఇంటి కుండీ నుంచి పొలానికి పురుగును మోసుకుపోయినట్టవుతుంది.

ఏ రకం మేలు?

వాసన కావాలంటే ఒంటిరేకు రకాలు పెట్టుకోవాలి. ముద్దపూలు కంటికి ఇంపుగా ఉన్నా వాసన తక్కువ. బెంగుళూరు దగ్గర హెసరఘట్టలోని భారతీయ ఉద్యాన పరిశోధన సంస్థ రూపొందించిన శృంగార్, ప్రజ్వల్ ఒంటిరేకు రకాలు. సువాసిని ముద్దరకం. ప్రజ్వల్ మొగ్గ కాస్త గులాబీ రంగుగా ఉండి, తెల్లగా విచ్చుకుంటుంది. రంగురంగుల బొమ్మలు చూపి అమ్మే హయసింత్, డాఫోడిల్ గడ్డలతో జాగ్రత్త. పూయడానికి వాటికి వారాల తరబడి గట్టి చలి కావాలి. ఇక్కడి చలి వాటికి చాలదు.

నీరు నిలవడం కూడా ప్రమాదమే. కుండీ అడుగున చిల్లులు తప్పనిసరి. పైమన్ను ఆరినాకే నీళ్ళు పోయాలి. బియ్యం కడిగిన నీళ్ళయినా సరే. అక్టోబరు, నవంబరు ముసురుకు కుండీని పంచలోకి జరపాలి, లేకుంటే గడ్డ కుళ్ళుతుంది.

మొగ్గలు కింది నుంచి పైకి వరుసగా విచ్చుకుంటాయి కాబట్టి ఒకే కాడ చాలా రోజులు పూలిస్తుంది. విడదీసేటప్పుడు మిగిలే గడ్డలను ఇరుగుపొరుగుకు పంచితే, పెళ్ళి ముహూర్తాల్లో మూర ధర ఎంత పెరిగినా ఆ వీధి ఇల్లాళ్ళకు బెంగ ఉండదు.