గాలికి జమాఖర్చు

గుంటూరు, ప్రకాశం సీమల నల్లరేగడి భూములలో ప్రత్తియు, మిరపయు రైతునకు జీవనాధారములు. పగిలిన ప్రత్తికాయ వానకు తడిసినచో దూది రంగు చెడును. కల్లములో నెండుచున్న మిరపకాయ తడిసినచో బూజు పట్టి తాలుకాయ యగును. కావున రేపు గాలి యెటు వీచునో, వాన యెప్పుడు కురియునో ముందుగా తెలియుట యిచ్చటివారికి మిక్కిలి యవసరము. సముద్రతీరమున నున్నవారికి అది ప్రాణములకు సంబంధించిన విషయము. 1977 నవంబరు 19వ తేదీన తుపానుతో వచ్చిన ఉప్పెన వలన దివిసీమలో వేలకొలది జనులు మరణించిరి.

గాలియు నీటివలె ప్రవహించునదే. ప్రవాహముల నడకను దెలుపు సమీకరణములను ఫ్రాన్సు దేశీయుడగు నావియే 1822లోను, పిమ్మట స్టోక్సు 1845లోను రూపొందించిరి. కాని తుపానువంటి చిక్కుప్రవాహమునకు వానిని సాధించి, ఒక్క సూత్రముతో జవాబు చెప్పుట యెవరికిని సాధ్యము కాలేదు. అందువలన శాస్త్రజ్ఞులు వేరొక యుపాయమును పన్నిరి.

పొలములోని మళ్ళను చూచినచో ఆ యుపాయము బోధపడును. పై మడినుండి ఒక మడిలోనికి వచ్చిన నీటిలో, క్రింది మడికి పోయిన నీటిని తీసివేసినచో, ఇంకినది పోగా మిగిలినదే ఆ మడిలో పెరిగిన నీరు. ఒక మడికి ఖర్చు పొరుగు మడికి జమ. ఇట్లే ఆకాశమును గడులుగా విభజించి, ప్రతి గడికిని గాలి, వేడిమి, తేమల జమాఖర్చులు వ్రాయుదురు. కొన్ని నిమిషముల తరువాతి స్థితి తేలగానే, దానిని బట్టి మరికొన్ని నిమిషముల తరువాతి స్థితిని లెక్కింతురు. ఇట్లు అడుగు వెంట అడుగు వేయుచు రేపటిని చేరుదురు.

ఈ అడుగు ఎంత యుండవలెను? గడి యొక ప్రక్క 6 కిలోమీటర్లనియు, గాలివేగము సెకనుకు 20 మీటర్లనియు అనుకొందము. గాలి ఆ గడిని 300 సెకనులలో, అనగా 5 నిమిషములలో దాటును. సామాన్యపద్ధతిలో కాలపుటడుగు అంతకన్న పెద్దదైనచో, గాలి లెక్కకు చిక్కకుండ గడిని దాటిపోవును, ఫలితము తప్పును. గడి ప్రక్కలను సగము చేసినచో గడులు నాలుగింతలగును, కాలపుటడుగు సగమగును. అందుచే శ్రమ యెనిమిదింతలగును.

ఆంగ్ల శాస్త్రజ్ఞుడగు రిచర్డ్‌సన్ మొదటి ప్రపంచయుద్ధకాలమున ఆరు గంటల వాతావరణపు మార్పును చేతితో లెక్కించి, 1922లో గ్రంథముగా ప్రకటించెను. ఆ లెక్కకు వారములు పట్టెను. ఫలితము వాస్తవమునకు చాల దూరమయ్యెను. పద్ధతి చెడ్డది కాదు. ఆరంభమున గైకొన్న కొలతలలోని చిన్న లోపములే లెక్కలో పెరిగి పెద్దవయ్యెను. 1950లో అమెరికాలో ఎనియాక్ అను కంప్యూటరు ఈ మార్గమును మరల తెరచెను. మన దేశమున 1988లో ఈ పనికై ఒక జాతీయకేంద్రము స్థాపింపబడెను. 2025లో 6 కిలోమీటర్ల గడులతో లెక్కించు విధానము ప్రవేశపెట్టబడినది.

2023 డిసెంబరు 5వ తేదీన మిచాంగ్ తుపాను బాపట్లకు దక్షిణమున తీరమును దాటెను. దాని రాకను ముందుగా తెలిసికొన్నందున తీరవాసులను సురక్షితస్థలములకు చేర్చగలిగిరి. చేలలోని పైరును మాత్రము తరలింప వీలుకాలేదు. రైతులు మిక్కిలి నష్టపడిరి. అయినను రెండు దినముల యెడ మున్నచో, విడిన ప్రత్తిని ఏరి యింటికి చేర్చుకొనవచ్చును. కల్లములోని కాయపై పట్టలు కప్పవచ్చును.

కంప్యూటరు ఎంత పెద్దదైనను, తన కిచ్చిన కొలతలనుండియే లెక్క నారంభించును. మచిలీపట్నములోని రాడారు మేఘములను పరిశీలించుట, ఒక చిన్న కార్యాలయములోని యుద్యోగి వేళ తప్పక గాలిపీడనమును చూచి సరిగా వ్రాయుట, ఇవన్నియు ఆ లెక్కకు పెట్టుబడి. ఆ యంకెలలో నొకటి తప్పినచో, ఆ తప్పు గడినుండి గడికి ప్రాకి, రైతు కల్లము దాక రావచ్చును.