చిక్కిన ఊళ్లు, పెద్ద కోర్టులు

ఇండియానాలోని ఫ్యాక్టరీ పట్టణాలను హైస్కూలు బాస్కెట్‌బాల్ ఒక్కతాటిపై నిలిపింది. ఫ్యాక్టరీలు మూతపడ్డాక ఆ బంధానికీ పరీక్ష ఎదురైంది

న్యూకాజిల్‌లో 2020 జనగణన నాటికి 18,000 మంది కూడా లేరు. కానీ అక్కడి హైస్కూలు ఇండోర్ స్టేడియంలో దాదాపు సగం ఊరు ఒకేసారి కూర్చోవచ్చు. ప్రపంచంలోనే అతిపెద్ద హైస్కూలు జిమ్‌గా పేరొందిన దీన్ని 1959లో ప్రారంభించారు. ఇంత చిన్న ఊరికి అంత పెద్ద కోర్టు ఎందుకంటే జవాబు ఒక్కటే: పక్క ఊరికీ అలాంటిది ఉంది మరి.

ఆ పోటీకి వేదిక నార్త్ సెంట్రల్ కాన్ఫరెన్స్. అమెరికాలో కాన్ఫరెన్స్ అంటే ఇరుగుపొరుగు పాఠశాలల కూటమి. ఏటా తమలో తాము ఆడుకుని విజేతను తేల్చుకుంటాయి. 1926లో పుట్టిన ఈ కూటమిలో గాజు సీసాల మన్సీ, కారు దీపాల ఆండర్సన్, కొకోమో వంటి పట్టణాల బడులు చేరాయి. వారమంతా ఫ్యాక్టరీలో పనిచేసిన కార్మికుడు శుక్రవారం రాత్రి కొడుకు ఆట చూడటానికి వెళ్లేవాడు.

విచిత్రమేమిటంటే, ఈ కూటమి జట్టుకు ఎదురైన ఒక ఓటమే ఎక్కువ ప్రసిద్ధి పొందింది. అప్పటికే నాలుగు రాష్ట్ర టైటిళ్లు గెలిచిన మన్సీ సెంట్రల్‌ను 1954 ఫైనల్లో 161 మంది విద్యార్థులున్న మైలన్ 32-30తో ఓడించింది. చివరి క్షణాల్లో బాబీ ప్లంప్ వేసిన బాస్కెట్ 1986లో వచ్చిన 'హూజియర్స్' సినిమాకు ప్రేరణ. చిన్నా పెద్దా బడులన్నీ ఒకే టోర్నీలో తలపడే పద్ధతి వల్లే అది సాధ్యమైంది.

కూటమికీ తన రోజులున్నాయి. 1985 నుంచి 1987 వరకు మారియన్ వరుసగా మూడుసార్లు రాష్ట్ర విజేత. న్యూకాజిల్ కుర్రాడు స్టీవ్ ఆల్ఫర్డ్ 1984లో ఒలింపిక్ స్వర్ణం అందుకున్నాడు.

ఆ తర్వాత కథ మారింది. జనరల్ మోటార్స్ తప్పుకోవడంతో ఆండర్సన్ డీలాపడింది. 1970లో 70,000 దాటిన జనాభా 2020కి 55,000 లోపుకు దిగింది. ఊళ్లోని మూడు ప్రభుత్వ హైస్కూళ్లలో ఒకటి 1997లో, మరొకటి 2010లో మూతపడ్డాయి. దాదాపు 9,000 సీట్ల 'విగ్‌వామ్' నిర్వహణ ఖర్చు భరించలేక విద్యాశాఖ 2011లో దానికి తాళం వేసింది. 2013లో న్యూకాజిల్ కూటమిని వదిలి వేరే కాన్ఫరెన్స్‌లో చేరింది.

అప్పటికే రాష్ట్రం మరో మలుపు తిరిగింది. 1997-98 సీజన్ నుంచి విద్యార్థుల సంఖ్యను బట్టి నాలుగు తరగతులు, నాలుగు టైటిళ్లు. చిన్న బడికీ కప్పు దక్కుతుందన్నది సమర్థకుల మాట. పెద్దవాణ్ణి ఓడించే అవకాశమే పోయాక కప్పు ఎందుకన్నది వ్యతిరేకుల ప్రశ్న. రెంటిలోనూ న్యాయముంది.

కొత్త బడులను చేర్చుకుని కూటమి నిలబడింది. ఊళ్లు చిక్కినా పొరుగు ఊరిని ఓడించాలన్న పంతం మాత్రం చిక్కలేదు.