మీకు తెలుసా? ‘నాటు నాటు’తో పోటీపడ్డ స్వీడన్ స్వరకర్త

2023 మార్చిలో ‘నాటు నాటు’కి ఆస్కార్ వచ్చిన రాత్రి అదే విభాగంలో బరిలో ఉన్న పాటల్లో రిహానా పాడిన ‘లిఫ్ట్ మీ అప్’ ఒకటి. ‘బ్లాక్ పాంథర్: వకాండా ఫరెవర్’లోని ఆ పాటను కూర్చిన నలుగురిలో లుడ్విగ్ గోరాన్సన్ ఒకరు. ఊరు స్వీడన్‌లోని లింషోపింగ్, పుట్టింది 1984లో. తండ్రి గిటార్ నేర్పే మాస్టారు. బీథోవెన్ మీద అభిమానంతో కొడుక్కి ఆయన పేరే పెట్టుకున్నారు.

స్టాక్‌హోమ్‌లో సంగీతం చదివి, సినిమా సంగీతం నేర్చుకోవడానికి గోరాన్సన్ లాస్ ఏంజెలెస్ వెళ్లారు. అక్కడి విశ్వవిద్యాలయంలో ర్యాన్ కూగ్లర్‌తో స్నేహం కుదిరింది. కూగ్లర్ విద్యార్థిగా తీసిన లఘుచిత్రం ‘లాక్స్’కూ, 2025 నాటి ‘సిన్నర్స్’ దాకా ఆయన దర్శకత్వం వహించిన ప్రతి పూర్తి నిడివి సినిమాకూ సంగీతం గోరాన్సన్‌దే. 2009లో మొదలైన, గోరాన్సన్ సంగీతం అందించిన ‘కమ్యూనిటీ’ అనే టీవీ కామెడీ ఇంకో స్నేహాన్నిచ్చింది. అందులో నటించిన డొనాల్డ్ గ్లోవర్‌తో కలిసి చేసిన ‘దిస్ ఈజ్ అమెరికా’ పాటకు 2019 ఫిబ్రవరిలో గ్రామీ వచ్చింది. అదే నెలలో కూగ్లర్ సినిమా ‘బ్లాక్ పాంథర్’ సంగీతానికి తొలి ఆస్కార్!

ఆ ఆస్కార్ వెనక సెనెగల్ ప్రయాణం ఉంది. ఆఫ్రికా కథకు సంగీతం లాస్ ఏంజెలెస్‌లో కూర్చుని కట్టకూడదని ఆయన ముందు అక్కడికి వెళ్లారు. ప్రసిద్ధ గాయకుడు బాబా మాల్ వెంట తిరిగారు, స్థానిక కళాకారుల వాద్యం విన్నారు. నడుము సన్నగా ఉండే ‘తమా’ డోలును చంకలో ఇరికించుకుని నొక్కుతూ వాయిస్తే శ్రుతి మారుతుంది, మాట పలికినట్టే ఉంటుంది. నాయకుడు టిచాలా కనిపించినప్పుడు ఆ డోలు అతని పేరునే మోగిస్తుంది. ప్రతినాయకుడు కిల్‌మాంగర్‌కు ఫులా జాతివారి వేణువు. పాత్రకు తగ్గ వాద్యాన్ని ముందు వెతికి పట్టుకోవడమే ఈయన గొప్పతనమని నా నమ్మకం.

టీవీ సిరీస్ ‘ది మాండలోరియన్’లో ఆ వాద్యం బేస్ రికార్డర్, అంటే మంద్రంగా పలికే పొడవాటి చెక్క పిల్లనగ్రోవి. దానికి వరుసగా 2020, 2021లో ఎమ్మీలు వచ్చాయి.

‘ఓపెన్‌హైమర్’ సినిమాకు వయొలిన్ అయితే బాగుంటుందన్నది దర్శకుడు క్రిస్టఫర్ నోలన్ ఆలోచన. వీణకు ఉన్నట్టు వయొలిన్‌కు మెట్లు ఉండవు. వేలు ఏమాత్రం జరిగినా, కమాను ఒత్తిడి కాస్త మారినా ప్రేమగా పలికే స్వరం క్షణంలో కలవరంగా మారిపోతుంది. అణుబాంబు తయారుచేసిన మనిషి మనసుకు అంతకన్నా సరిపోయే వాద్యం ఏముంటుంది? వయొలిన్ వాయించింది గోరాన్సన్ భార్య సెరీనా. ఆ సినిమా సంగీతంలో ‘కెన్ యూ హియర్ ద మ్యూజిక్’ అనే ఘట్టం నిడివి రెండు నిమిషాలైనా లేదు, కానీ కాలప్రమాణం 21 సార్లు మారుతుంది. మొత్తం వాద్యబృందం దాన్ని ఒకే ఊపులో వాయించడం అసాధ్యమనుకుని, ముక్కలుగా రికార్డు చేద్దామని మొదట అనుకున్నారు. చివరికి మారబోయే వేగాన్ని హెడ్‌ఫోన్లలో వింటూ, వాద్యకారులు ఎక్కడా ఆగకుండా వాయించేశారు. 2024లో గోరాన్సన్‌కు రెండో ఆస్కార్ తెచ్చింది ఈ సంగీతమే.