మీ రాజ్యానికి పంచాంగం

పిల్లలూ! మీరు కథలో ఒక రాజ్యం కల్పించారనుకోండి. దానికి పంచాంగం ఎలా కడతారు?

చంద్రుణ్ణి నమ్ముకుంటే పన్నెండు నెలలకు 354 రోజులే. సూర్యుడి ఏడాదికి 365 పైచిలుకు. ఏటా 11 రోజులు వెనక్కు జరిగితే, పదహారేళ్ళకు ఉగాది అక్టోబరు ప్రాంతంలో పడుతుంది. అప్పుడు పచ్చడికి వేపపూత ఎక్కణ్ణుంచి తెస్తారు? అంచేతనే మన పెద్దలు సుమారు 19 ఏళ్ళకు 7 అధికమాసాలు కలిపారు. 2023లో అధిక శ్రావణం అలా వచ్చిందే.

అయినా తిథులు కొన్ని రోజులు అటూయిటూ అవుతూనే వుంటాయి. అందుకని రామసముద్రం వైపు మెట్టరైతు విత్తనానికి కార్తె చూస్తాడు. సూర్యుడు 27 నక్షత్రాలలో ఒక్కొక్కదానిలో 13, 14 రోజులుండే కాలమే కార్తె. మృగశిర కార్తె ఏటా జూన్ 7, 8 తేదీలలోనే ప్రవేశిస్తుంది.

మీ రాజ్యంలో ఇద్దరు చంద్రులున్నా సరే, రైతుకు విత్తే అదను మాత్రం తప్పనివ్వకండి!