యోగవాసిష్ఠమున చిత్తసంవాద విచారము

యోగవాసిష్ఠము జగత్తంతయు చిత్తకల్పితమని ఉపదేశించు గ్రంథమని పాఠకులెఱుగుదురు. ఈ మతమునకు సహజముగా ఎదురగు ఆక్షేపమొకటి గలదు. ఎవరి జగత్తు వారి చిత్తకల్పనయే యైనచో, నేను చూచు చెట్టును నా పొరుగువాడును చూచుట యెట్లు? స్వప్నమున నాతో మాటాడినవాడు నేను మేల్కొనిన పిదప నా మాటకు సాక్ష్యమీయడు గదా. విజ్ఞానవాది యగు వసుబంధుడు వింశతికయందు ఈ ఆక్షేపమునే ఎత్తుకొని, ప్రేతలందఱును నదిని చీముగా చూచుట దృష్టాంతముగా జూపి, సమానకర్మ విపాకమే దానికి కారణమని సమాధానము చెప్పెను. యోగవాసిష్ఠకర్త మాత్రము ప్రశ్నను కథలకు అప్పగించెను. ఆ కథలను విడివిడిగా మాయాదృష్టాంతములని చదువుట వాడుక. ఒకచోట చేర్చి చదివినచో, చిత్తములు ఒండొంటితో ఎట్లు కలియునను ప్రశ్నకు గ్రంథము ఒక్క సమాధానమునందు నిలువలేదని తేలును.

ఈ గ్రంథము క్రీ.శ. 10వ శతాబ్ది ప్రాంతమున కాశ్మీరమున మోక్షోపాయమను పేర వెలసిన రచనకు పెరిగిన రూపమని నేటి పరిశోధకుల నిర్ణయము. 15వ శతాబ్దిలో మడికి సింగన వాసిష్ఠరామాయణమను పేర దీనిని తెనుగు పద్యములలోనికి తెచ్చెను.

ఉత్పత్తి ప్రకరణమునందలి లీలోపాఖ్యానముతో ప్రశ్న మొలకెత్తును. భర్తయగు పద్మరాజు మరణింపగా, లీల సరస్వతీ ప్రసాదమున సమాధియందు ఆతని మఱియొక లోకమున రాజుగా జూచినది. అచ్చట తన నగరమువారే కనబడిరి. అంత నామెకు కలిగిన సందేహము వేదాంతిది కాదు, గృహిణిది: వీరందఱును చనిపోయిరా యేమి? సమాధి చాలించి, అర్ధరాత్రమున నిద్రించుచున్న పరిజనమును లేపి, సభ కూర్పించి, ఒక్కొక్కరిని కన్నులార చూచుకొన్నది. అందఱును సజీవులే. ఏది నిజము, ఏది ప్రతిబింబము? ఆమె సరస్వతిని అడిగిన ప్రశ్న ఇదియే.

లవణోపాఖ్యానమున ఈ ప్రశ్న కఠినతరమైనది. ఐంద్రజాలికుడు నెమలిపింఛము త్రిప్పగా, లవణ మహారాజు కొలువులో రెండు ముహూర్తములు నిశ్చేష్టుడై యుండెను. ఆ కొలది కాలముననే ఆతడు ఒక గుఱ్ఱము వెంట అడవి పాలై, ఆకలికి లొంగి, అన్నము పెట్టిన చండాలకన్యను పెండ్లాడి, బిడ్డలను కని, వృద్ధుడై, కఱవు కాలమున ఆకలిగొన్న కడగొట్టు కొడుకునకు తన మాంసమే పెట్టనెంచి నిప్పులో దూకెను. మేల్కొనెను. కథ ఇంతటితో ముగిసినచో ఇంద్రజాలమునకు ఒక ఉదాహరణము మాత్రమగును. కాని రాజు మఱునాడు పరివారముతో వింధ్యాటవికి బోయెను. అచ్చట ఒక వృద్ధ తన కూతురును, అల్లుడైన రాజును, మనుమలను తలచుకొని ఏడ్చుచున్నది. చూచిన చెట్లు, గుడిసెలు అవియే. వసిష్ఠుడు తానా సభలో నుండి ప్రత్యక్షముగా జూచితినని కూడ చెప్పును. కథకుడే సాక్షియగుటచే శ్రోత కాదనుటకు వీలులేకపోయినది.

రాముడు కారణమడుగగా వసిష్ఠుడు చెప్పిన సమాధానము వింతగొలుపును. లవణుని చిత్తమున తోచినది పుళిందుల చిత్తములకు ఎక్కియుండవచ్చును. లేదా వారి అనుభవమే ఆతని చిత్తమున ప్రతిఫలించియుండవచ్చును. పెక్కుమంది మనస్సులకు ఒకే విధమైన మాట తోచుట గలదు గదా, అట్లే స్వప్నమున దేశకాలక్రియలును సరిపడవచ్చునని ఆతని వాదము. ఈ పోలిక సాహిత్య విద్యార్థికి పరిచితమే. ఆనందవర్ధనుడు ధ్వన్యాలోకము నాలుగవ ఉద్ద్యోతమున కవుల భావములు సరిపడుటను సంవాదమని పేర్కొని, ప్రతిబింబము వంటిది, చిత్రము వంటిది, తుల్యదేహి వంటిది అని మూడు విధములుగా విభజించెను. ఆయనయు కాశ్మీరుడే. లోకానుభవమునకే ఈ సంవాదమును విస్తరింపజేసినచో వసిష్ఠుని మతమగును. ఒకరినుండి ఒకరు గ్రహింపకయే ఇద్దఱు కవులకు ఒక భావము తోచుట చిన్న విషయము. ఒక రాజునకును ఒక అడవి పల్లెకును ఒక జీవితమే తోచుట పెద్ద విషయము. రెంటి నడుమ భేదము పరిమాణమునందే గాని జాతియందు లేదని గ్రంథకర్త ధైర్యము.

ఉపశమ ప్రకరణమునందలి గాధివృత్తాంతము ఇట్టిదే. నీట మునిగిన బ్రాహ్మణుడు చండాలుడై పుట్టి, కీరదేశమున పట్టపుటేనుగు ఎత్తుకొనగా రాజై, ఎనిమిదేండ్లు ఏలి, కులము బయటపడగా అగ్నిప్రవేశము చేసి, నీటిలో తేలెను. పిదప వచ్చిన అతిథి కీరదేశమున జరిగినదిగా ఆ కథనే చెప్పెను. గాధి స్వయముగా పోయి విచారించెను, జనులు ఔననిరి. ఇచ్చట విష్ణువు చెప్పిన కారణము కాకతాళీయము: కాకి వ్రాలుటయు తాటిపండు రాలుటయు కలిసినట్లు, ఒకే ప్రతిభాసము పెక్కు చిత్తములకు కలిగినది. లవణుని కథలో సంక్రమణమునకు తావుండగా, ఇచ్చట కేవలము యాదృచ్ఛికత మిగిలినది. నా దృష్టిలో ఇది గ్రంథమునందలి బలహీనస్థానము. ఊరందఱ జ్ఞాపకము ఒక్క కాకతాళీయమనుట ప్రశ్నను తీర్చుట కాదు, దానికి పేరు పెట్టుట మాత్రమే.

మూడవ సమాధానము నిర్వాణ ప్రకరణమున శతరుద్రుల కథలో గలదు. ఒక భిక్షువు ధ్యానమున తన్ను జీవటుడను మనుష్యునిగా భావించెను. జీవటుడు త్రాగి నిద్రించి బ్రాహ్మణుడాయెను. ఆ బ్రాహ్మణుని స్వప్నమున సామంతుడు. ఇట్లు స్వప్నములో స్వప్నముగా స్త్రీయు, లేడియు, తీగయు, తుమ్మెదయు, ఏనుగును అయి, తుదకు హంసయై రుద్రుని జూచి రుద్రుడాయెను. రుద్రుడు వెనుకకు మరలి, భిక్షువును మొదలుకొని ఒక్కొక్కరిని మేల్కొలిపెను. అందఱును ఒక్క చైతన్యమని ఎఱిగిరి. ఐనను నూఱుగురుగానే యుండిరి. రుద్రుడు వారిని ఎవరి స్థానమునకు వారిని, ఎవరి ఆలుబిడ్డల వద్దకు వారిని పంపివేసెను. ఏకత్వజ్ఞానము వ్యక్తిని మ్రింగివేయలేదు. ఈ మతమునందలి సొగసు ఇదియే.

అయినను ఒక లోటు గలదు. శతరుద్రులు ఒకే భిక్షువు కన్న స్వప్నములు. వింధ్యలో ఏడ్చిన వృద్ధ లవణుని స్వప్నము మాత్రమే యని వసిష్ఠుడు చెప్పలేదు, చెప్పజాలడు కూడ. ఆమె ఆతని చిత్తప్రతిబింబమే యైనచో ఆ యేడ్పు ఎవరిది? రాజు ఈ ప్రశ్నతో నిలువక, వారికి తగిన ధనమిచ్చి వారి లేమిని తీర్చి, జాలితోను విస్మయముతోను నగరమునకు మరలెను. కథ చేసిన పనిని సిద్ధాంతము చేయలేకపోయినది.

శతరుద్ర కథను విని రాముడు, అట్టి భిక్షువు నిజముగా ఉన్నాడా యని అడిగెను. వసిష్ఠుడు సిద్ధాంతము చెప్పి తప్పించుకొనక, రాత్రి సమాధియందు వెదకి చెప్పెదననెను. మఱునాడు సభకు వచ్చి, ఉత్తరదిక్కున ఒక విహారమున, మూసిన కుటిలో ధ్యానించుచున్న ఆ భిక్షువును చూచితినని చెప్పెను. లీల అర్ధరాత్రమున పరిజనమును లేపి చూచినట్లే, గురువును వెదకి చూడవలసివచ్చినది.